పదకొండో నంబరు సీటు

ఉలాన్‌బాతర్‌లో జనవరి అంటే
తలుపు తెరిచిన ప్రతివాడితోనూ
కాస్త బొగ్గుపొగ లోపలికొస్తుంది.
రాత్రి పదింటి నుంచి ఈ కౌంటర్ నాది.
గంటకింత అని రాసుకుంటాను,
నూడుల్స్‌లో వేడినీళ్లు పోస్తాను,
ఉప్పు వేసిన పాలటీ అడిగితే ఫ్లాస్కు చూపిస్తాను.

పదకొండో సీటులో తెల్మెన్.
పగలు బాయిలర్ గదిలో బొగ్గెత్తే చేతులు
మౌస్ మీద మాత్రం పిచ్చుకల్లా గెంతుతాయి.
నెల రోజులుగా వాడు వజ్రం.
ఈ రాత్రి వజ్రం అంచున, సున్నా పాయింట్ల మీద,
ఒంటికాలి మీద నిలబడ్డట్టు.

"సున్నా దగ్గర వెంటనే తొయ్యదులే" అన్నాను.
నాకు తెలుసు ఆ పద్ధతి:
మొదటి ఓటమికి చూడనట్టు నటిస్తుంది,
రెండోదానికి గొంతు సవరించుకుంటుంది,
మూడోదానికి పసుపురంగులో చిన్న హెచ్చరిక.
దయ అనుకుంటాం.
దయ కాదు, లెక్క తేలడంలో ఆలస్యం.
పైకి కనిపించే బిరుదు వెనక
ఎవరికీ చూపని అంకె ఒకటుంటుంది;
అది వారం కిందటే దిగిపోయింది,
బిరుదు ఇంకా మెట్ల మీద ఉంది, అంతే.

పాములూ నిచ్చెనల పటమే నయం.
పాము ముందే కనబడుతుంది,
ఫలానా గడిలో, నోరు తెరుచుకుని.

నాలుగో ఆట మూడింటికి.
ఎదుటివాడి ఊరు తెలీదు,
పేరు బదులు ఏవో అక్షరాలు, ఏవో అంకెలు.
తెల్మెన్ తూర్పు గనులకి కాపలా పెంచుతుంటే
పడమటి గోడ దగ్గర ఎవరూ లేరు.
ఇరవై రెండు నిమిషాలు.
తర్వాత తెర మీద వజ్రం చిట్లింది.
దానికో శబ్దం కూడా పెట్టారు, గాజుగ్లాసు జారినట్టు.
ఎవడో కూర్చుని, చాలా శబ్దాలు విని,
ఇదే బాగుందని ఏరి ఉంటాడు.

నాది వేరే దారి. నేను ఓడిపోలేదు.
అమ్మ ఆపరేషన్‌కి ఆస్పత్రి వరండాలో ముప్ఫై ఆరు రోజులు.
తిరిగొచ్చి చూస్తే
తాళం వేసిన ఇంట్లో కుళాయి కారినట్టు
రోజుకిన్ని పాయింట్ల చొప్పున కారిపోయింది హోదా.
ఆడనివాళ్లు కూడా ఓడిపోతారని
నియమాల్లో రాసే ఉంది.
నేనే చదవలేదు.

ఆరున్నరకి వాళ్ల తాత వచ్చాడు, లువ్‌సాన్‌శరవ్,
నక్కతోలు టోపీ మీద మంచు.
యాభై ఏళ్ల కిందట వాళ్ల సుమ్ నాదమ్ పండగలో
కుస్తీ పట్టి 'ఏనుగు' అనిపించుకున్నాడు.
తర్వాత మోకాలు పోయింది, పళ్లు పోయాయి,
ఒక చలికాలంలో మంద మొత్తం పోయింది.
బిరుదు పోలేదు.
ఇచ్చింది తీసేసుకునే పద్ధతి మా కుస్తీలో లేదు.
బతికున్నా ఏనుగే, పోయాకా ఏనుగే.

"నీది ఎవరు తీసుకున్నారు?"
"ఎవరూ తీసుకోలేదు తాతా. తగ్గించారు."
"ఎవరు?"
తెల్మెన్ కంప్యూటర్ డబ్బా వైపు చూశాడు.
నేను నా లెక్కల పుస్తకం వైపు.
"గెలిచినవాడి చెయ్యి కిందనుంచి నడిచావా మరి?"
"వాడెక్కడున్నాడో తెలీదు."
"అలాగైతే ఓటమి ఎక్కడ అయిపోతుంది?"

ఏ సీటు నుంచీ జవాబు రాలేదు.
ఏడో నంబరులో ఎవరో గెలిచి గట్టిగా అరిచారు.

మా తలుపు స్ప్రింగు చాలా బిగువు.
ముసలాయన చెయ్యి పైకెత్తి దాన్ని ఆపి పట్టుకున్నాడు.
జిప్పు మెడదాకా లాక్కుని
తల వంచి ఆ చెయ్యి కిందనుంచి
చలిలోకి వెళ్లాడు తెల్మెన్.
స్ప్రింగు వల్లే అలా పట్టుకుని ఉంటాడు.
నేను ఎక్కువ అనుకోను.

రెండు గంటల బాకీ రాసుకున్నాను.
రాత్రి పదింటికి తీర్చాడు.
పదకొండు ఖాళీ లేదు, నాలుగులో కూర్చున్నాడు,
ప్లాటినం, డెబ్బై ఐదు పాయింట్లు,
నూడుల్స్‌లో కారం ఎక్కువ వెయ్యమన్నాడు.